మోకాలి ఇంప్లాంట్: అమ్మేది లోహం పేరు మీద, ఆడేది ప్లాస్టిక్ మీద

ఇంట్లో పెద్దవాళ్లకి మోకాళ్ల ఆపరేషన్ తప్పదని తేలాక సగం టెన్షన్ ఆపరేషన్ గురించి అయితే, మిగతా సగం "ఏది వేయిద్దాం" అన్న దాని గురించి. ఆసుపత్రిలో కౌన్సెలింగ్ టేబుల్ దగ్గర కూర్చోబెట్టి ఒక కాగితం ముందు పెడతారు. మామూలు మెటల్ అయితే ఇంత, టైటానియం అయితే ఇంత, గోల్డ్ నీ (బంగారు మోకాలు) అయితే ఇంత, 30 ఏళ్లు వచ్చేది కావాలంటే ఇంకాస్త. ఎదురుగా ఉన్న కొడుకో కూతురో "అమ్మ విషయంలో డబ్బు చూసుకుంటామా" అని అన్నిటికంటే పై రేటుకి తలూపేస్తారు. ఆ కాగితం మీది తేడాలన్నీ దాదాపు లోహానికి సంబంధించినవే. పెట్టిన మోకాలు ఎన్నేళ్లు వస్తుందో తేల్చే విషయాల్లో మాత్రం ఆ లోహం వంతు చాలా చిన్నది. ఈ ముక్క ఆ టేబుల్ దగ్గర ఎవరూ చెప్పరు.

ముందు ఆ ఇంప్లాంట్ పెట్టెల్లో ఏముంటుందో చూద్దాం. "గుజ్జు అరిగిపోయింది" అని మనం అంటామే, అప్పుడు ఎముకల చివర్లను కప్పి ఉండే మృదులాస్థి పోయి ఎముకా ఎముకా రాసుకుంటుంటాయి. ఆపరేషన్‌లో తొడ ఎముక కింది చివర, కాలి ఎముక పై చివర సుమారు ఒక సెంటీమీటరు మందాన కోసేసి తొడుగులు వేస్తారు. తొడ ఎముకకి వంపు తిరిగిన లోహపు తొడుగు. కాలి ఎముక మీద ఒక లోహపు పళ్లెం, దాన్నే ట్రే అంటారు. ఆ రెండు లోహాలూ ఒకదాన్నొకటి తాకకుండా మధ్యలో ఒక ప్లాస్టిక్ ముక్క, అది ట్రేలో లాక్ అయి కూర్చుంటుంది. నాలుగోది మోకాలి చిప్ప వెనక పెట్టే చిన్న ప్లాస్టిక్ బిళ్ల, అది కూడా అందరికీ వేయరు, చాలామంది సర్జన్లు ఉన్న చిప్పని అలాగే వదిలేస్తారు. అంతే, నాలుగు ముక్కలు.

పై తొడుగు ఎక్కువగా కోబాల్ట్ క్రోమియంతో చేస్తారు. ఇందులో 27 నుంచి 30 శాతం క్రోమియం, 5 నుంచి 7 శాతం మాలిబ్డినం, మిగతా దాదాపు అంతా కోబాల్ట్. గట్టి లోహం, చాలా నున్నగా పాలిష్ అవుతుంది, అంత తేలిగ్గా గీతలు పడదు. కింద ట్రే కొన్ని కంపెనీలది కోబాల్ట్ క్రోమియం, కొన్నిటిది టైటానియం మిశ్రమం, అంటే 6 శాతం అల్యూమినియం, 4 శాతం వెనేడియం కలిపిన టైటానియం. టైటానియానికి ఒక మంచి గుణం ఉంది: కోబాల్ట్ క్రోమియంతో పోలిస్తే దాని బిరుసు సగమే, కాబట్టి బరువులో కొంత కింది ఎముకకి కూడా అందుతుంది. ఎముకకి మోయాల్సిన బరువు తగ్గిపోతే అది పల్చబడుతుంది మరి. అయితే అదే టైటానియంతో పై తొడుగు చేసి ఉత్తగా వదిలేస్తే ప్లాస్టిక్ మీద రాసుకుని రాసుకుని దాని పైపొర గీసుకుపోతుంది. అందుకే ఎవరైనా "టైటానియం మోకాలు" అన్నారంటే చాలావరకు కింద ట్రే టైటానియం అనో, పైన టైటానియం సమ్మేళనం పూత ఉందనో అర్థం చేసుకోవాలి.

గోల్డ్ నీ సంగతీ ఇదే. అందులో బంగారం లేదు. టైటానియం నైట్రైడ్, లేదా టైటానియం నయోబియం నైట్రైడ్ అనే పూత వేస్తే లోహానికి పసుపు పచ్చ మెరుపు వస్తుంది, ఆ పూత మందం కొన్ని మైక్రాన్లు, మైక్రాను అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు. కోబాల్ట్ క్రోమియంలో కొద్దిపాటి నికెల్ కూడా ఉంటుంది. చవక గిల్టు నగలు పెట్టుకుంటే ఒంటికి పడనివాళ్లు మన ఇళ్లలోనే ఉంటారు కదా, అలాంటి ఎలర్జీ గట్టిగా ఉన్నవాళ్లకి ఈ పూత వేయడంలో అర్థం ఉంది. మిగతావాళ్లకి పూత వేసిన మోకాలు ఎక్కువ కాలం వస్తుందని ఏళ్ల తరబడి సాగిన పరిశీలనల్లో స్పష్టంగా తేలలేదు. పసుపు రంగు చూసి బంగారం అనుకుని సంతోషపడే బలహీనత మనకి ఉందని మార్కెటింగ్ వాళ్లకి మాత్రం బాగా తెలుసు.

ఇక నల్లగా ఉండేది, ఆక్సీకరించిన జిర్కోనియం. స్మిత్ అండ్ నెఫ్యూ కంపెనీ దీన్ని ఆక్సీనియం పేరుతో అమ్ముతుంది. జిర్కోనియంలో 2.5 శాతం నయోబియం కలిపిన మిశ్రమాన్ని గాలిలో సుమారు 500 డిగ్రీల వేడి మీద ఉంచితే పైన 5 మైక్రాన్ల మందం వరకు సిరామిక్‌గా మారిపోతుంది. పై నుంచి వేసిన పూత కాదు, లోహమే అలా మారుతుంది, కాబట్టి పెచ్చులూడే భయం తక్కువ. అన్నట్టు, జిర్కోనియంలో 2.5 శాతం నయోబియం అనే ఈ లెక్క హైదరాబాద్ ఈసీఐఎల్ వైపు ఉండేవాళ్లకి కొత్తేమీ కాదు. మన అణువిద్యుత్ రియాక్టర్లలో వాడే ప్రెషర్ ట్యూబులు ఈ రకం మిశ్రమంతోనే అక్కడి న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్‌లో తయారవుతాయి.

"30 ఏళ్లు" అన్న మాట ఈ నల్ల మోకాలి దగ్గరే పుట్టింది. ఎలా వచ్చిందో చూడండి. ల్యాబ్‌లో ఒక యంత్రానికి ఇంప్లాంట్ బిగించి 4.5 కోట్ల సార్లు ఆడించారు. మనిషి ఏడాదికి 15 లక్షల అడుగులు వేస్తాడని లెక్క కడితే అది 30 ఏళ్లతో సమానం. ఆ లెక్కలో తప్పేమీ లేదు. కానీ యంత్రానికి ఇన్ఫెక్షన్ రాదు, యంత్రం బరువు పెరగదు, బాత్రూంలో జారిపడదు, దానికి ఎముక పల్చబడటం అన్నదే లేదు. పైగా ఆ పరీక్షలో నల్ల లోహానికి జోడీగా పెట్టింది మామూలు ప్లాస్టిక్ కాదు, అరుగుదల తగ్గేలా ప్రత్యేకంగా తయారుచేసిన ప్లాస్టిక్. 30 ఏళ్లలో ఆ ప్లాస్టిక్ వాటా ఎంత, లోహం వాటా ఎంత అన్నది ప్రకటనలో ఉండదు. ఆస్ట్రేలియాలో ప్రతి కీలు మార్పిడినీ నమోదు చేసే జాతీయ రిజిస్ట్రీ ఉంది. ఒకే డిజైన్ మోకాలిని నల్ల లోహంతో వేసినవీ, కోబాల్ట్ క్రోమియంతో వేసినవీ కలిపి 17 వేలకు పైగా కేసుల్ని 12 ఏళ్ల లెక్కలతో పోల్చి చూస్తే, నల్ల లోహం వల్ల తిరిగి ఆపరేషన్ చేయాల్సిన అవసరం తగ్గిందని కనిపించలేదు. దాని వల్ల నష్టమని నేననను, నికెల్ పడనివాళ్లకి అది మంచి మార్గమే. 30 ఏళ్ల హామీగా మాత్రం దాన్ని కొనుక్కోవద్దు.

అసలు మామూలు కోబాల్ట్ క్రోమియం మోకాలే ఎన్నేళ్లు వస్తుంది? 2019లో ద లాన్సెట్ పత్రికలో వచ్చిన పెద్ద విశ్లేషణ ప్రకారం పూర్తి మోకాలి మార్పిడి చేసినవాటిలో సుమారు 82 శాతం 25 ఏళ్ల వరకు నిలిచాయి. 25 ఏళ్ల లెక్క రావాలంటే అవి 25 ఏళ్ల కిందట వేసినవి, అంటే పాతకాలం సరుకు. "కొత్త టెక్నాలజీ అయితే తప్ప పదేళ్లకే పోతుంది" అని ఎవరైనా భయపెడితే ఈ అంకె గుర్తు పెట్టుకోండి.

ఇప్పుడు ప్లాస్టిక్ దగ్గరికి వద్దాం, అసలు కథ ఇక్కడే ఉంది. దీని పూర్తి పేరు అల్ట్రా హై మాలిక్యులర్ వెయిట్ పాలిథిలిన్. పాలిథిన్ సంచి కుటుంబమే, కాకపోతే గొలుసుకట్టు అణువులు విపరీతంగా పొడుగు, అణుభారం లక్షల్లో ఉంటుంది. ఇది కీళ్లలోకి వచ్చిన తీరు చిత్రంగా ఉంటుంది. ఇంగ్లండ్‌లో జాన్ చార్న్లీ అనే సర్జన్ 1950ల చివర్లో తుంటి కీళ్లకి టెఫ్లాన్ వాడాడు. రెండు మూడేళ్లకే అవి అరిగిపోయి, చాలామందికి మళ్లీ విప్పాల్సి వచ్చింది. ఆ సమయంలో మగ్గాల గేర్లకి వాడే కొత్త ప్లాస్టిక్ ఒకటి అమ్ముకోడానికి ఓ సేల్స్‌మన్ వచ్చాడు. చార్న్లీ దాన్ని గోటితో గీసి చూసి, పనికిరాదు పొమ్మన్నాడు. ఆయన టెక్నీషియన్ హ్యారీ క్రేవెన్ మాత్రం ఆ ముక్కని ఊరికే పోనివ్వకుండా అరుగుదల యంత్రానికి ఎక్కించాడు. చార్న్లీ ఊరెళ్లి వచ్చేసరికి అది ఆడుతూనే ఉంది, అరగడం మాత్రం దాదాపు లేదు. 1962 నుంచి దాన్నే వాడటం మొదలైంది, 60 ఏళ్లు దాటినా మోకాళ్లలోనూ తుంటిలోనూ దాని వారసులే ఉన్నాయి. ఇంకో సంగతి, వైద్య అవసరాలకి వాడే ఈ ప్లాస్టిక్ పొడి ప్రపంచంలో చాలావరకు సెలనీస్ అనే ఒక్క కంపెనీ నుంచే వస్తుంది. మీరు ఏ బ్రాండు కొన్నా మధ్య ముక్కకి మూలం చాలావరకు అదే డబ్బా.

మూలం ఒకటే అయినా దాన్ని ఎలా తయారుచేశారు, ఎలా స్టెరిలైజ్ చేశారు, ఏ ప్యాకెట్‌లో పెట్టారు అన్నదాంట్లో కొండంత తేడా వస్తుంది. ప్లాస్టిక్ అరిగినప్పుడు మైక్రాను కంటే చిన్న రేణువులు ఊడతాయి. ఒంట్లోని రక్షక కణాలు వాటిని మింగుతాయి, అరిగించుకోలేవు, ఆ క్రమంలో విడుదలయ్యే రసాయనాల వల్ల చుట్టూ ఉన్న ఎముక కరగడం మొదలవుతుంది, చివరికి గట్టిగా ఉన్న ఇంప్లాంట్ కాస్తా వదులైపోతుంది. ఒకప్పుడు ఈ ముక్కల్ని మామూలు గాలి ఉన్న ప్యాకెట్‌లో పెట్టి గామా కిరణాలతో స్టెరిలైజ్ చేసేవాళ్లు. కిరణాల వల్ల అణువుల గొలుసులు తెగి, గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి, ప్లాస్టిక్ లోపల్లోపలే పెళుసుబారేది. షెల్ఫ్‌లో ఎక్కువ కాలం ఉన్న ముక్క అయితే ఒంట్లోకి వెళ్లకముందే పాడయ్యేది. 1990లలో ఇది బయటపడ్డాక ఆక్సిజన్ తగలని ప్యాకింగులు వచ్చాయి, తర్వాత గొలుసుల్ని ఒకదానితో ఒకటి ముడివేసిన క్రాస్‌లింక్డ్ రకాలు వచ్చాయి, ఆక్సీకరణ ఆపడానికి విటమిన్ ఇ కలిపినవి కూడా వచ్చాయి. తుంటి కీళ్లలో క్రాస్‌లింక్డ్ ప్లాస్టిక్ లాభం తిరుగులేకుండా తేలింది. మోకాల్లో ఒత్తిడి చిన్న చోట పడుతుంది, ముడులు ఎక్కువైతే ప్లాస్టిక్ గట్టితనం కొంత తగ్గుతుంది, అందుకని ఇక్కడ లాభం అంత సూటిగా లేదు.

ప్యాకెట్ ఎంత పని చేస్తుందో తెలియాలంటే అమెరికాలోని ఎక్సాక్‌టెక్ కంపెనీ ఉదంతం చాలు. ఆ కంపెనీ తన ప్లాస్టిక్ ముక్కల్ని వ్యాక్యూమ్ సంచుల్లో పెట్టి అమ్మేది. ఆ సంచుల్లో ఆక్సిజన్‌ని అడ్డుకోవాల్సిన ఒక పొర లేదు. 2004 నుంచి అలా ప్యాక్ అయినవి 2021 ఆగస్టులో వెనక్కి పిలవడం మొదలుపెట్టారు, 2022 ఫిబ్రవరిలో ఆ జాబితా ఇంకా పెరిగింది, ఒక్క అమెరికాలోనే దాదాపు లక్షన్నర ముక్కలు అప్పటికే జనం ఒంట్లో ఉన్నాయి. కంపెనీ 2024లో దివాలా పిటిషన్ వేసింది. లోహం ఏమీ తప్పు చేయలేదు, డిజైన్ తప్పు కాదు, తప్పంతా సంచిది. మన కౌన్సెలింగ్ టేబుల్ మీది కాగితంలో సంచి గురించి ఒక్క అక్షరం ఉండదు.

ఇక ఎముకకీ లోహానికీ మధ్య పెట్టే సిమెంట్. ఇది యాక్రిలిక్, పొడి ఒకటి, ద్రవం ఒకటి, కలిపిన పది పదిహేను నిమిషాల్లో వేడెక్కి గట్టిపడిపోతుంది, ఈ లోపలే సర్జన్ పని అయిపోవాలి. ఇది జిగురు కాదు, టైల్స్ కింద సందుల్లోకి దిగి బిగుసుకునే గ్రౌట్ లాంటిది, ఎముకలోని సన్నని రంధ్రాల్లోకి చొరబడి పట్టు ఇస్తుంది. చాలాసార్లు అందులో యాంటీబయాటిక్ కూడా కలుపుతారు. సిమెంట్ లేకుండా గరుకు టైటానియం మీదికే ఎముక పెరిగేలా చేసే రకాలూ ఉన్నాయి, వాటికి ఎముక గట్టిగా ఉండాలి. ప్లాస్టిక్ మెరుగయ్యాక ఇప్పుడు రెండో ఆపరేషన్‌కి ముందు వరసలో ఉన్న కారణాలు ఇన్ఫెక్షన్, వదులవడం. ఆపరేషన్ థియేటర్ శుభ్రత, కోత కోణం, సిమెంట్ పట్టు, రోగి షుగరు: ఇవన్నీ లోహం రంగు కంటే ఎక్కువ తేల్చేస్తాయి.

సరే, డబ్బు సంగతి. 2017 ఆగస్టు 16న జాతీయ ఔషధ ధరల సంస్థ మోకాలి ఇంప్లాంట్లకి గరిష్ఠ ధర పెట్టింది. అంతకుముందు మామూలు కోబాల్ట్ క్రోమియం సెట్ సగటు ఎమ్మార్పీ 1,58,324 రూపాయలు, దాన్ని 54,720 చేశారు, జీఎస్టీ అదనం. టైటానియం, ఆక్సీకరించిన జిర్కోనియం రకం 2,49,251 నుంచి 76,600కి వచ్చింది. మూడింట రెండొంతులు ఒక్క రోజులో ఎగిరిపోయాయి. 300 శాతానికి పైగా మార్జిన్లు ఉన్నాయని ఆ సంస్థే తేల్చింది.

మామూలు సెట్ ధరని ముక్కలుగా విడదీస్తే ఇలా ఉంటుంది: పై తొడుగు 24,090, ట్రే 16,990, చిప్ప బిళ్ల 4,090, ప్లాస్టిక్ ముక్క 9,550. అడుగడుగుకీ రాపిడి పడేది ఆ 9,550 మీద. ఇంకో లెక్క నాకు బాగా నవ్వొచ్చింది. కాలు ఎక్కువ వంగుతుందని, కింద కూర్చోవచ్చని చెప్పి అమ్మే హైఫ్లెక్స్ రకానికి ధర కట్టడికి ముందు మామూలు దానికంటే సగటున 23,404 రూపాయలు ఎక్కువ తీసుకునేవారు. కట్టడిలో ఆ తేడాని 1,770గా తేల్చారు, ఆ తేడా అంతా పై తొడుగులోనే. మన జనం బాసింపట్టు వేసుకుని కూర్చోవాలనుకుంటారు, కింద కూర్చుని పూజ చేసుకోవాలనుకుంటారు, ఆ కోరికకి అప్పట్లో పలికిన రేటు అది. పోనీ నిజంగా ఎక్కువ వంగుతుందా అంటే, మామూలు డిజైన్లతో పోల్చిన చాలా అధ్యయనాల్లో చెప్పుకోదగ్గ తేడా రాలేదు. ఆపరేషన్‌కి ముందు కాలు ఎంత వంగుతుందన్నదే తర్వాత ఎంత వంగుతుందో ఎక్కువగా తేలుస్తుంది.

అయితే మార్జిన్ అంతా దోపిడీ అనుకోవడం కూడా పూర్తి నిజం కాదు. ఆపరేషన్ రోజు కంపెనీ మనిషి ఒక్క సెట్‌తో రాడు. ఎడమకి వేరు, కుడికి వేరు, తొడుగులు చాలా సైజుల్లో, ట్రేలు చాలా సైజుల్లో, ప్లాస్టిక్ ముక్కలు మిల్లీమీటరు రెండు మిల్లీమీటర్ల తేడాతో రకరకాల మందాల్లో, వీటితో పాటు కోతకి కావాల్సిన పరికరాల ట్రేలు, అన్నీ వస్తాయి. ఎముక కోసి ట్రయల్ ముక్కలు పెట్టి చూశాక గానీ ఏ సైజో ఖాయం కాదు. వాడిన నాలుగు ముక్కలకే బిల్లు, మిగతాదంతా వెనక్కి. ఆ సరుకు నిల్వ పెట్టడం, తిప్పడం, మనిషిని థియేటర్‌లో నిలబెట్టడం, అన్నిటికీ ఖర్చుంది. ఖర్చు ఉండటం వేరు, 54 వేలకి ఇవ్వగలిగినదాన్ని లక్షన్నరకి అమ్మడం వేరు.

ఇందులో ఇంకో మెలిక ఉంది. గరిష్ఠ ధర ఇంప్లాంట్‌కి మాత్రమే. గది అద్దె, సర్జన్ ఫీజు, థియేటర్ చార్జీ, రోబో చార్జీ ఇవేవీ దాని కిందికి రావు. కాబట్టి పెట్టెలో సరుకు లక్ష తగ్గితే ప్యాకేజీ లక్ష తగ్గాలన్న రూలేమీ లేదు. రోబో విషయంలో ఇంకాస్త జాగ్రత్త అవసరం. రోబో వల్ల కోత కచ్చితంగా వస్తుంది, అది నిజం. కానీ స్ట్రైకర్ వాళ్ల మాకో లాంటి రోబోలు ఆ కంపెనీ ఇంప్లాంట్లతోనే పనిచేస్తాయి. ఆసుపత్రి కోట్లు పెట్టి ఒక రోబో కొన్నదంటే, ఆ రోబో మీద జరిగే ఆపరేషన్లకి అదే కంపెనీ సరుకు ఖాయం అయినట్టే. ఇంప్లాంట్ అమ్మకానికి అది దారి వేస్తుంది.

గిరాకీ మాట చెప్పాలంటే మన దేశంలో ఈ ఆపరేషన్‌కి పెద్ద ప్రచారం వాజ్‌పేయి గారి మోకాళ్లతో వచ్చింది. ప్రధానిగా ఉండగానే 2000 అక్టోబర్‌లో ఎడమది, 2001 జూన్‌లో కుడిది ముంబై బ్రీచ్ క్యాండీ ఆసుపత్రిలో మార్పించుకున్నారు. చేసింది న్యూయార్క్ నుంచి వచ్చిన చిత్తరంజన్ రణావత్. 1970లలో ఇప్పటి మోకాళ్లకి మూలమైన టోటల్ కాండైలర్ డిజైన్ చేసిన బృందంలో జాన్ ఇన్సాల్, పీటర్ వాకర్‌లతో పాటు ఈయన కూడా ఉన్నాడు. 2011 జనగణన నాటికే మన దేశంలో 60 దాటినవాళ్లు 10 కోట్లకు పైగా ఉన్నారు. 2017లో ప్రభుత్వం చెప్పిన లెక్క ప్రకారం ఏటా జరిగే మోకాలి మార్పిడులు లక్ష, లక్షన్నర మధ్య. మన జనాభాలో నాలుగో వంతు ఉన్న అమెరికాలో ఏటా 7 లక్షలకు పైనే. అంటే ఇక్కడ అవసరం తక్కువని కాదు, కాళ్లు విల్లులా బయటికి వంగిపోయేదాకా ఆయింట్‌మెంట్ రాసుకుంటూ నెట్టుకొచ్చేవాళ్లే ఎక్కువ. ఆసుపత్రికి వచ్చేది కూడా ఎక్కువగా ఆడవాళ్లే, రెండు మోకాళ్లూ ఒకేసారి పోయి. అప్పుడు పైన చెప్పిన ధరలన్నీ రెండింతలు.

అందుకే కంపెనీలకి ఈ మార్కెట్ మీద కన్ను. జిమ్మర్ బయోమెట్, స్ట్రైకర్, డిప్యూ, స్మిత్ అండ్ నెఫ్యూ అనే నలుగురు విదేశీయుల పక్కన ఇప్పుడు గుజరాత్‌లోని మెరిల్ లాంటి దేశీ కంపెనీలు నిలబడ్డాయి. అహ్మదాబాద్‌కి చెందిన శాల్బీ ఆసుపత్రుల సంస్థ అయితే 2021లో కాలిఫోర్నియాలోని ఇంప్లాంట్ ఫ్యాక్టరీనే కొనేసింది. మన వైపు చూస్తే, హైదరాబాద్ కంచన్‌బాగ్‌లోని ప్రభుత్వ రంగ లోహాల కంపెనీ మిధానిలో వైద్య అవసరాలకి పనికొచ్చే టైటానియం తయారవుతుంది, విశాఖలో వైద్య పరికరాల తయారీకి మెడ్‌టెక్ జోన్ ఉంది. ధర కట్టడి ఉన్నప్పుడు దేశీ కంపెనీకి ఒక సౌకర్యం: పోటీదారుడు మూడింతలకి అమ్ముకుని ఆ డబ్బుతో ప్రచారం చేసే అవకాశం తగ్గుతుంది. అయితే దేశీ సరుకు ఎన్నేళ్లు నిలుస్తుందో చెప్పే లెక్కలు ఎక్కడున్నాయి? స్వీడన్ 1975లోనే మోకాలి రిజిస్ట్రీ మొదలుపెట్టింది. మన దగ్గర సర్జన్ల సంఘం నడిపే రిజిస్ట్రీ ఉంది, అందులో నమోదు చేయడం స్వచ్ఛందం. 2010లో డిప్యూ ఏఎస్ఆర్ తుంటి ఇంప్లాంట్లు ప్రపంచమంతా వెనక్కి పిలిచినప్పుడు మన దేశంలో వాటిని సుమారు 4,700 ఆపరేషన్లలో వేశారని తేలింది, ఆ రోగుల్లో చాలామంది ఆచూకీ దొరకలేదు.

కాబట్టి బిల్లు దగ్గర ఒక పని చేయండి. ఇంప్లాంట్ ధర, బ్రాండు, తయారీదారు, బ్యాచ్ నంబరు బిల్లులో విడిగా రాయాలని 2017 ఉత్తర్వులోనే ఉంది. పెట్టె మీద ఉండే స్టిక్కర్లు కేస్ షీటులో అంటిస్తారు, ఫోన్‌తో వాటిని ఫొటో తీసుకోండి, ప్లాస్టిక్ ముక్కది మరీ ముఖ్యం. ఒక కంపెనీ ప్లాస్టిక్ ఇంకో కంపెనీ ట్రేలో లాక్ అవదు, ఒకే కంపెనీలో కూడా మోడల్ మారితే అవదు. పదిహేనేళ్ల తర్వాత లోహాలు గట్టిగానే ఉండి ప్లాస్టిక్ మాత్రమే అరిగితే, ఏ మోడలో తెలిస్తే ఆ ఒక్క ముక్క మార్చి కుట్లు వేసేయొచ్చు. తెలియకపోతే బాగున్న లోహాన్ని కూడా ఎముక నుంచి పెకిలించాల్సి రావచ్చు, దాని తర్వాత వేసే రివిజన్ సెట్‌కి (రెండో ఆపరేషన్‌లో వాడే సెట్) 2017 గరిష్ఠ ధరే 1,13,950 రూపాయలు.